నవ్వు ఎక్కడ పుట్టింది? 1910 నాటి ఓ మూకీ ప్రేమకథ, ఓ కాలేజీ హాలు: కేస్ స్టడీ

మూకీ సినిమాలను ఇప్పటి ప్రేక్షకుల ముందు పెట్టడం నా పని. మంచి కాపీ వెతకడం, వేగం సరిచెయ్యడం, టైటిల్ కార్డులు (షాట్ల మధ్య తెర మీద వచ్చే రాతలు) తెలుగులో రాయడం, వాయిద్యం ఏది ఉండాలో తేల్చడం అన్నీ ఇందులోకే వస్తాయి. ఇక్కడ రాస్తున్నది ఓ కోస్తా పట్టణంలోని కాలేజీ ఫిల్మ్ క్లబ్బు నా దగ్గరకు తెచ్చిన కేసు. ఊరు, కాలేజీ, మనుషుల పేర్లు వదిలేశాను. ఒకరిద్దరి వివరాలు గుర్తుపట్టకుండా మార్చాను. సినిమాల సంగతులు మాత్రం ఉన్నవి ఉన్నట్టే.

నేపథ్యం

క్లబ్బులో అందరూ డిగ్రీ పిల్లలే. రేవు వీధుల నుంచి, చుట్టుపక్కల మత్స్యకార పల్లెల నుంచి వచ్చేవాళ్ళు ఎక్కువ. "తొలి మూకీల్లో ప్రేమ" అన్న పేరుతో గంటలోపు అయిపోయే కార్యక్రమం ఒకటి వాళ్ళే కూర్చుకున్నారు. జాబితా బాగుంది. మొదట 'ది కిస్' (1896). ఎడిసన్ కంపెనీకి విలియం హైస్ తీశాడు. మే ఇర్విన్, జాన్ రైస్ అనే ఇద్దరు రంగస్థల నటులు తమ నాటకంలోని ముద్దును కెమెరా ముందు చేసి చూపించారు. అర నిమిషం కూడా ఉండదు. తర్వాత ఇంగ్లండులో జి.ఎ. స్మిత్ తీసిన 'ది కిస్ ఇన్ ద టన్నెల్' (1899). రైలు సొరంగంలోకి దూరి చీకటి పడగానే పెట్టెలో ఉన్న జంట ముద్దు పెట్టుకుంటుంది. అందులో నటించింది స్మిత్, ఆయన భార్య లారా బేలీ. మూడోది ఎడ్విన్ పోర్టర్ తీసిన 'ది గే షూ క్లర్క్' (1903). చెప్పుల షాపు కుర్రాడు ఒక అమ్మాయి కాలికి బూటు తొడుగుతుంటాడు. కెమెరా ఉన్నట్టుండి ఆ పాదం దగ్గరకు వెళ్తుంది. ఆపై ముద్దు, ఆ వెంటనే తోడు వచ్చిన పెద్దావిడ గొడుగుతో నాలుగు తగిలించడం.

ఈ మూడింటి తర్వాత అమెరికన్ దర్శకుడు డి.డబ్ల్యూ. గ్రిఫిత్ బయోగ్రాఫ్ అనే సినిమా కంపెనీకి తీసినవి రెండు: 'ఆఫ్టర్ మెనీ ఇయర్స్' (1908), 'ది అన్‌చేంజింగ్ సీ' (1910). రెండిట్లోనూ కథ ఒకటే కుదురు. సముద్రం మీదికి వెళ్ళిన భర్త రాడు. భార్య ఎదురుచూస్తుంది.

సమస్య

రిహార్సల్ లాంటి మొదటి ప్రదర్శనలో ముద్దు సినిమాలు మూడూ ఈలలతో, చప్పట్లతో సాగిపోయాయట. గ్రిఫిత్ సినిమాలు మొదలయ్యాక హాలు చేజారింది. నవ్వకూడని చోట నవ్వులు, మిగతా చోట్ల ఫోన్లు. క్లబ్బు చూసుకునే లెక్చరర్‌గారు ఓ నిర్ణయానికి కూడా వచ్చేశారు: "పిల్లలకు ఇవి ఎక్కవండీ. ఆ రెండూ తీసేసి చాప్లిన్ వేద్దామా?"

నేను వెంటనే అవునూ అనలేదు, కాదూ అనలేదు. ఇంకోసారి అదే కార్యక్రమం అలాగే వెయ్యమని, తెరను కాకుండా ప్రేక్షకులను చూస్తూ పక్కన కూర్చున్నాను. "నచ్చలేదు" అన్న మాట పట్టుకుని ఏ మరమ్మతూ చెయ్యలేం. ఏ షాట్ దగ్గర నవ్వు పుట్టిందో తెలిస్తే చెయ్యగలం. 'ది అన్‌చేంజింగ్ సీ' ఒక్కదాన్నే పట్టుకుని కాగితం మీద గుర్తులు పెట్టుకున్నాను. పల్లె జనం ఒడ్డుకు పరిగెత్తే చోట నవ్వారు. భర్తకు గతం గుర్తులేదని తెలిసిన చోట గట్టిగా నవ్వారు. పసిబిడ్డ చూస్తుండగానే పెళ్ళీడు పిల్ల అయిపోయిన చోట మళ్ళీ నవ్వారు. భార్య ఒడ్డున నిలబడే షాట్లకు నవ్వు లేదు, ఫోన్ల వెలుగు ఉంది. నవ్వులన్నీ ఒక జాతివి కావని అక్కడే తెలిసింది. మొదటిది ఒంటి కదలికను చూసి వచ్చిన నవ్వు, రెండోది కథను చూసి వచ్చినది. ఈ రెండిటికీ ఒకే మందు పనిచెయ్యదు.

సినిమా గురించి కొంత

చార్లెస్ కింగ్స్‌లీ 1851లో రాసిన 'ది త్రీ ఫిషర్స్' కవిత ఈ సినిమాకు ఆధారం. కవితలో సముద్రం మీదికి వెళ్ళిన ముగ్గురూ శవాలై ఒడ్డుకు కొట్టుకొస్తారు. గ్రిఫిత్ ఒకణ్ణి బతికించాడు. వేరే తీరాన తేలతాడు, తానెవరో మరిచిపోతాడు. ఏళ్ళు గడుస్తాయి. కూతురు పుట్టి పెరిగి పెళ్ళి చేసుకుంటుంది. చివరికి పాత ఒడ్డు కనబడ్డాక అతనికి గతం గుర్తొస్తుంది. న్యూయార్కు నుంచి బయోగ్రాఫ్ బృందం 1910 చలికాలంలో కాలిఫోర్నియా వెళ్ళినప్పుడు సాంటా మోనికా తీరాన తీసిన సినిమా ఇది. భర్తగా ఆర్థర్ జాన్సన్, భార్యగా లిండా ఆర్విడ్సన్, ఎదిగిన కూతురుగా మేరీ పిక్‌ఫర్డ్ నటించారు.

ఇందులో నాకు ప్రాణమైన షాట్లు ఆమె ఒడ్డున నిలబడేవి. కెమెరాకు వీపు పెట్టి, సముద్రం వైపు తిరిగి నిలబడుతుంది. ముఖం కనబడదు. నాటకాల వాళ్ళు జనానికి వీపు చూపించడానికి జంకే రోజుల్లో, ప్రేమకథకు ఆయువుపట్టైన చోట కథానాయిక ముఖాన్నే దాచేశాడు గ్రిఫిత్. ఆమె చూస్తున్నదాన్నే మనమూ చూస్తాం. ఆమె భుజాలు, గాలికి కొట్టుకునే బట్టలు, అవతల ఖాళీ నీళ్ళు. అంతే. ఈ సినిమాలో ప్రేమంతా ఆ ఎదురుచూపులో ఉంది. అది నిలబడకపోతే మిగతాదేదీ నిలబడదు. అందుకే మరమ్మతు ఏది చేసినా ఈ షాట్లకు ఏమవుతుందో చూసుకుంటూ చెయ్యాలనుకున్నాను.

ప్రయత్నాలు, వాటిలో కుదరనివి

నేను వెళ్ళేటప్పటికే క్లబ్బు వాళ్ళు రెండు ఏర్పాట్లు చేసి ఉన్నారు. ఒకటి వ్యాఖ్యానం. స్థానిక నాటక కళాకారుడొకాయన, హరికథ చెప్పిన అనుభవం ఉన్నవాడు, తెర పక్కన నిలబడి కథ చెప్పేవాడు. ఆలోచన తప్పేం కాదు. జపాన్‌లో బెన్షీలనే వ్యాఖ్యాతల కోసమే జనం మూకీలకు వెళ్ళేవారు. అమెరికాలోనూ ఆ రోజుల్లో కొన్ని హాళ్ళలో కథ చెప్పేవాళ్ళు ఉండేవారు. మన దగ్గరా అక్షరం రానివాళ్ళకు టైటిల్ కార్డులు చదివిపెట్టేవాళ్ళు ఉండేవారు. ఈయన గొంతూ గొప్పదే. అయితే ఆమె సముద్రం వైపు తిరగగానే ఈయన "ఓ సాగరమా! నా నాథుణ్ణి నాకు తిరిగి ఇవ్వవా!" అని అందుకునేవాడు. ఆమె ఏమనుకుంటోందో అని చూసేవాడికి అనిపించకముందే జవాబు చెవిలో పడేది. ఇక ఆ వీపు వైపు చూడాల్సిన పనేముంది? ఫోన్లు వెలిగింది సరిగ్గా అక్కడే.

రెండోది కీబోర్డు. వాయించే కుర్రాడు అందరికీ తెలిసిన సినిమా ప్రేమపాటల వరసలు ఎత్తుకున్నాడు. హాలు కూడా పాట అందుకుంది. వరస వినగానే దాని మాటలు గుర్తొస్తాయి, మాటల వెంట వేరే సినిమా, వేరే జంట వస్తారు. తెర మీది మనిషి అనాథ అయిపోతుంది.

వ్యాఖ్యానాన్ని, కీబోర్డును రెండిటినీ ఆపి పూర్తి నిశ్శబ్దంలో వేసి చూశాం. ఇదీ కుదరలేదు. కాసేపటికి వెనక వరసల వాళ్ళు తలలు తిప్పి ప్రొజెక్టర్ దగ్గరున్న కుర్రాడి వైపు చూడడం మొదలుపెట్టారు. సౌండు పోయిందనుకున్నారు! నిశ్శబ్దం కావాలని పెట్టింది అని తెలియాలంటే ఎక్కడో ఓ చోట శబ్దం ఉండాలి. మూకీల రోజుల్లో కూడా హాళ్ళు మౌనంగా ఉండేవి కావు, ఓ పియానో అయినా మోగుతుండేది.

ఎడిటింగ్ నేర్చుకుంటున్న విద్యార్థి ఒకడు ఇంకో మార్గం చెప్పాడు. "ముఖాలు చిన్నగా ఉన్నాయి మేడమ్, అందుకే ఎవరికీ పట్టట్లేదు. నేను జూమ్ చేసి క్లోజప్పులు తయారుచేస్తాను." అసలు కాపీ పక్కన పెట్టి నకలు మీద చేసి చూడమన్నాను. ఎందుకు కుదరదో నోటితో చెబితే నాతో వాదం అవుతుంది, తెర మీద చూస్తే పాఠం అవుతుంది. చేసుకొచ్చాడు. గుడిసె ముందు భార్యాభర్తలు వీడ్కోలు చెప్పుకునే చోట ముఖాలు రెండూ తెర నిండా వచ్చాయి. బొమ్మ పలచబడి గింజలు తేలింది, అది సరే. అసలు ఇబ్బంది ఆ ముఖాల్లో వెతికినది కనబడకపోవడం. ఆ నటులు ఒళ్ళంతటితో నటించారు. వీడ్కోలు చేతుల్లో ఉంది, వెనక్కి పడే అడుగులో ఉంది, ఇద్దరి మధ్య పెరిగే దూరంలో ఉంది. ముఖం చుట్టూ కత్తిరిస్తే అవన్నీ కత్తిరించినట్టే. తనే చూసి, తనే తీసేశాడు.

అలలు పట్టిచ్చిన తప్పు

మొదట్లోనే సరిచేసింది ఒకటి చెప్పాలి. 4:3 బొమ్మను (వెడల్పు నాలుగు పాళ్ళయితే ఎత్తు మూడు పాళ్ళు) వాళ్ళ ప్రొజెక్టర్ వెడల్పు తెరకు సాగదీసి చూపిస్తోంది. మనుషులందరూ పొట్టిగా లావుగా కనబడుతున్నారు. సెట్టింగు మారిస్తే పోయింది. ఇప్పటి హాళ్ళలో పాత సినిమాలకు రోజూ జరిగే అన్యాయమే ఇది.

అసలు తాళం వేరే చోట తెరుచుకుంది. పల్లె నుంచి వచ్చే అమ్మాయి ఒకామె, అంతవరకు మాట్లాడనిది, ప్రదర్శన అయ్యాక నా దగ్గరకు వచ్చి అంది: "అలలు అంత తొందరగా విరగవు మేడమ్."

మనుషుల నడకలో కాస్త తేడా ఉంటే "పాతకాలం సినిమా కదా" అని సరిపెట్టుకుంటాం. అల అలా సరిపెట్టుకోనివ్వదు. అది పైకి లేచి వంగి విరగడానికి పట్టే కాలం సాంటా మోనికాలో అయినా మన తీరాన అయినా భూమి ఆకర్షణను, అల పరిమాణాన్ని బట్టి ఉంటుంది. రోజూ దాన్ని చూసే కంటికి మోసం తెలిసిపోయింది.

లెక్క ఇలా. అప్పట్లో కెమెరాను చేత్తో తిప్పేవారు. ఒక చుట్టుకు 8 ఫ్రేములు (ఫ్రేము అంటే ఫిల్ము మీది ఒక్కో బొమ్మ), సెకనుకు రెండు చుట్లు, అంటే దాదాపు 16 ఫ్రేములు. 35 ఎం.ఎం. ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు ఉంటాయి. కాబట్టి వెయ్యి అడుగుల రీలు ఆ వేగంలో 16 నిమిషాల 40 సెకన్లు నడుస్తుంది. అదే రీలును టాకీల వేగమైన 24 ఫ్రేముల్లో వేస్తే 11 నిమిషాలకే అయిపోతుంది. 'ది అన్‌చేంజింగ్ సీ' వెయ్యి అడుగులకు కాస్త తక్కువ. క్లబ్బు వాళ్ళు నెట్‌లో తీసుకున్న కాపీ పదకొండు నిమిషాలైనా లేదు.

జనం పరిగెత్తే చోట వచ్చిన నవ్వుకు కారణం ఇదే. నన్ను ఎక్కువ బాధపెట్టింది మాత్రం రెండో నష్టం. ఎదురుచూడడమే కథ అయిన సినిమాలో ఎదురుచూపులో మూడోవంతును మెషిను మింగేసింది. ఆమె అలా వచ్చి, ఇలా చూసి, వెళ్ళిపోతోంది. ఆ వేగంలో అది బెంగలా ఎందుకుంటుంది? ఏదో పని మీద వచ్చినట్టుంటుంది.

వేగాన్ని ఎంతకు తగ్గించాలి అన్నది పుస్తకం చూసి తేల్చలేదు. కెమెరా తిప్పే చెయ్యి అన్ని షాట్లలో ఒకేలా తిరగదు. ప్రొజెక్టర్ తిప్పేవాడి చెయ్యీ అంతే. అందుకని 16, 18, 20 ఫ్రేముల కాపీలు చేసి, అలలు కనబడే షాట్లు మాత్రమే వరసగా వేసి, పల్లె పిల్లలనే న్యాయం చెప్పమన్నాం. 20 దగ్గర ఒకరిద్దరు తప్ప అందరూ తల అడ్డంగా ఊపారు. 18 దగ్గర వాదన జరిగింది. 16 దగ్గర వాదన ఆగింది. 16 ఫ్రేములను 24కు సర్దడానికి ప్రతి రెండో ఫ్రేమును రెండుసార్లు చూపించాలి. కదలికలో సన్నని కుదుపు మిగులుతుంది. ఫ్రేములను ఒకదానిలో ఒకటి కలిపేసే సాఫ్ట్‌వేర్ పద్ధతి ఉంది, నున్నగా ఉంటుంది గానీ అల అంచున దయ్యంలాంటి నీడలు వచ్చాయి. కుదుపునే ఎంచుకున్నాం.

కుదిరినవి

వాయిద్యం సంగతి వేగం తర్వాతే చూశాం, ఎందుకంటే షాట్ల నిడివి మారితే సంగీతం లెక్కలన్నీ మారతాయి. స్థానికంగా వయొలిన్ వాయించే ఒకాయన ఒప్పుకున్నారు. నియమం ఒక్కటే: ఆమె వీపు తిప్పి సముద్రం వైపు నిలబడ్డప్పుడల్లా వయొలిన్ ఆగాలి. మొదటి నుంచి చివరి దాకా సన్నగా తంబురా శ్రుతి మాత్రం నడవాలి. సౌండు పోయిందన్న అనుమానం రాకుండా శ్రుతి కాపాడింది. అక్కడ ఏమనుకోవాలో చెప్పే స్వరం లేకుండా పోయింది గనక చూసేవాళ్ళు తెరనే చూశారు. సముద్రపు హోరు రికార్డు చేసి వేద్దామని ఎవరో అన్నారు, వద్దన్నాను. నిజమైన హోరు వినబడితే ఆమె మాట ఎందుకు వినబడదన్న ప్రశ్న వస్తుంది.

టైటిల్ కార్డుల్లో కవిత పంక్తులున్నాయి. గ్రాంథికంలో చేసిన అనువాదం తీసేసి, వాడుక తెలుగులో చిన్న వాక్యాలు రాశాం. పైకి నెమ్మదిగా రెండుసార్లు చదవడానికి పట్టేంతసేపు కార్డు తెర మీద ఉంచాం. వ్యాఖ్యాతగారిని ఊరికే ఇంటికి పంపలేదు, ఆయన పని మార్చాం. సినిమా నడిచేటప్పుడు మాట్లాడరు, ముందే మాట్లాడతారు.

గతం మరిచిపోవడం దగ్గర వచ్చిన నవ్వుకు ఆ మార్పే మందు. దెబ్బ తగిలి గతం మరవడం, మళ్ళీ గుర్తురావడం మన సినిమాల్లో అరిగిపోయిన సరుకు. దాన్ని మలుపుగా చూపిస్తే ఈ పిల్లలు నవ్వక ఏం చేస్తారు? అందుకని కథ మొత్తం ముందే చెప్పించాం. భర్త బతికే ఉంటాడు, తానెవరో మరిచిపోతాడు, చివరికి వస్తాడు. లెక్చరర్‌గారు కంగారుపడ్డారు, సస్పెన్స్ పోతుందని. నా వాదన ఒకటే. ఆ సస్పెన్స్ గ్రిఫిత్ మనకెప్పుడూ ఇవ్వలేదు. ఆమె ఒడ్డును, అతనున్న ఒడ్డును మార్చి మార్చి చూపిస్తాడు. అతను బతికున్నాడని మనకు తెలుసు, ఆమెకు తెలియదు. మన మనసు పట్టేసేది ఆ తేడాయే. సీత దొరుకుతుందా లేదా తెలుసుకుందామని హరికథకు ఎవరూ వెళ్ళరు.

ఈ పద్ధతి రెండేళ్ళ ముందు తీసిన 'ఆఫ్టర్ మెనీ ఇయర్స్'లోనే కనిపిస్తుంది. దీవిలో చిక్కుకున్న భర్త నుంచి ఇంటి దగ్గరున్న భార్య మీదికి సూటిగా కట్ చేస్తాడు. అలా గెంతితే కథ ఎవరికి అర్థమవుతుందని కంపెనీలో అభ్యంతరం వచ్చిందనీ, డికెన్స్ నవలలు అలాగే రాయలేదా అని గ్రిఫిత్ అడిగాడనీ లిండా ఆర్విడ్సన్ తన జ్ఞాపకాల్లో రాసింది. ఈ సినిమాను మాత్రం మా కార్యక్రమం నుంచి తప్పించాల్సి వచ్చింది. 1912 దాకా అమెరికా కాపీరైటు చట్టంలో సినిమాకు విడిగా చోటు లేదు. కంపెనీలు సినిమాను కాగితం మీద ఫొటోల్లా అచ్చు వేసి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో దాఖలు చేసేవి. ఎన్నో సినిమాలు బతికింది అలాగే, కానీ చాలావాటిలో టైటిల్ కార్డులు ఉండవు. మాకు దొరికిన కాపీలోనూ లేవు. నా మాటలు దూర్చి అవి అసలువే అన్నట్టు చూపించడం నాకు ఇష్టం లేదు.

ఇక వరస. ముద్దు సినిమాలు మూడూ మొదట వేసినప్పుడు హాలుకు ఓ అలవాటు పడింది: ప్రేమంటే ఎవరికీ తెలియకుండా చేసే అల్లరి, కెమెరా దాన్ని పట్టుకుంటుంది, మనం నవ్వాలి. ఆ సినిమాలు కోరుకున్నదీ అదే. చరిత్రకారుడు టామ్ గన్నింగ్ ఆ దశను ఆకర్షణల సినిమా అన్నాడు. కథలోకి లాగడం కంటే "ఇదిగో చూడండి" అని చూపించడమే వాటి పని. అలా నవ్వి వచ్చిన కళ్ళకు పదేళ్ళ తర్వాతి బెంగను వెంటనే వడ్డిస్తే ఎలా? ముద్దు సినిమాలను చివరికి మార్చాం. మొదట 'రఫ్ సీ ఎట్ డోవర్' పెట్టాం. 1895లో బర్ట్ ఏకర్స్ తీసినది, నిమిషం కూడా లేదు, ఇంగ్లండులోని డోవర్ గట్టుకు కొట్టుకునే కెరటాలు మాత్రమే. 1896 ఏప్రిల్ 23న న్యూయార్కులో ఎడిసన్ వైటాస్కోప్ అనే ప్రొజెక్టర్ తొలి ప్రదర్శనలో జనం నోరెళ్ళబెట్టి చూసిన బొమ్మల్లో ఇదొకటి. ముందు నీళ్ళు చూడడం అలవాటవ్వాలి, ఆ తర్వాత ఆ నీళ్ళ ముందు మనిషి రావాలి. అందుకే ఈ వరస.

ఫలితం, నేర్చుకున్నది

తర్వాతి ప్రదర్శనలో మళ్ళీ పక్కనే కూర్చుని గుర్తులు పెట్టుకున్నాను. పరుగుల దగ్గర నవ్వు లేదు. గతం మరిచిన చోట ఎవరో ఒకరు నవ్వబోయి ఆగారు. కూతురు ఒక్క కార్డుతో పెద్దదైపోయే చోట మాత్రం ఈసారీ నవ్వారు. దాన్ని నేను ముట్టుకోలేదు. పదిహేనేళ్ళను ఒక్క రీల్లో ఇరికించిన సినిమా మోయాల్సిన బరువు అది. ఒడ్డు షాట్లలో ఫోన్లు చాలావరకు చీకట్లోనే ఉండిపోయాయి. నాలుగైదు వరసలకు అవతల ఏమైందో నిజంగా చెప్పలేను. వెడల్పు ఫ్రేములో చిన్నగా ఉన్న మనిషి ఆ దూరానికి ఆనడం లేదు. కుర్చీలు ముందుకు జరపాలని రాసుకున్నాను.

ఇలాంటి కేసు మళ్ళీ వస్తే మొదట వేగం, ఆ తర్వాతే మిగతావి చూస్తాను. వేగం తప్పుగా ఉండగా సంగీతం మార్చినా, కార్డులు మార్చినా ఫలితం దేనివల్ల వచ్చిందో తెలియదు. నీళ్ళు, పొగ, పైనుంచి పడే వస్తువు ఎక్కడ కనబడినా దానితోనే కొలుస్తాను. మనుషుల నడక సాక్ష్యంగా పనికిరాదు, నటులు వాళ్ళు. అన్నిటికంటే ముఖ్యం, ఈ తరహా ప్రేమకథలో ఖాళీగా కనబడిన చోటును నింపబోయేముందు ఆ ఖాళీని సినిమా కావాలని వదిలిందా అని అడుగుతాను. వ్యాఖ్యానం, కీబోర్డు, క్లోజప్పులు మూడూ మంచి మనసుతో చేసినవే. మూడూ ఆమె ఎదురుచూపును నింపేశాయి. అయితే ఈ పద్ధతిని అన్ని మూకీలకూ అంటగట్టకూడదు. 'ది గే షూ క్లర్క్'కు తంబురా పెడితే దాని ప్రాణం పోతుంది. చివర్లో దానికి కీబోర్డు కుర్రాడినే వాయించమన్నాం, హాయిగా వాయించాడు.

క్లబ్బు ఇప్పుడు 'ఇనాక్ ఆర్డెన్' (1911) వెయ్యాలనుకుంటోంది. టెనిసన్ కవిత ఆధారంగా గ్రిఫిత్ అదే కథను మళ్ళీ తీసినది, ఈసారి రెండు రీళ్ళు. బయోగ్రాఫ్ రెండు రీళ్ళనూ కలిపి విడుదల చెయ్యలేదు. మొదటిది 1911 జూన్ 12 సోమవారం, రెండోది 15 గురువారం. తర్వాత ఎగ్జిబిటర్లే కలిపి వెయ్యడం మొదలుపెట్టారు. ఒకే రోజు మధ్యలో టీ పెట్టి వేద్దామని లెక్చరర్‌గారు అంటున్నారు, సోమవారం వచ్చినవాళ్ళు గురువారం రారని ఆయన భయం. నేను సోమవారం ఒకటి, గురువారం ఒకటి వెయ్యమన్నాను. అలల మాట చెప్పిన అమ్మాయి నా వైపే ఓటేసింది. తేదీలు ఇంకా తేలలేదు.